అరువు మట్టి

అన్యాయం ఎవరికి జరిగింది? ఎలా జరిగింది? కథ చెప్పేవారు ఈ రెండు ప్రశ్నలకూ ముందుగానే జవాబు చెప్పాలి. చివరిదాకా గుప్పిట మూసి పాఠకుణ్ణి తిప్పుకోవడం మర్యాద కాదు. అన్యాయం జరిగినది ఒక అక్కకు. చేసినవాడు ఆమె తోడబుట్టిన తమ్ముడు. ఆమె ఊళ్ళో లేని రోజుల్లో, ఆమె ఇంటి వెనుక ఉన్న ఎర్రమట్టి మెట్టను అడిగినదానికి మించి తవ్వాడు. ఆ మట్టిని తీసుకుపోయి ఊరి నడుమ ఉన్న చిత్తడి నేలలో పోశాడు. దాని మీద బజారు లేచింది. తిరిగి పోస్తానన్న మట్టిని మాత్రం పోయలేదు.

ఇందులో దాపరికం లేదు. ఊరంతటికీ తెలిసినదే. ఊరికి తెలియనిది, ఆ బాకీ తీరే రోజు వచ్చినప్పుడు అక్క పడిన యాతన.

అక్క తూనికలు, కొలతల శాఖలో ఇన్‌స్పెక్టరుగా పనిచేసి విరమించిన మనిషి. పెళ్ళి చేసుకోలేదు, అది ఆమెకు ఎన్నడూ లోటుగా తోచలేదు కనుక మనమూ దాని జోలికి పోనవసరం లేదు. ఉద్యోగంలో ఉన్న కాలంలో ఆమె వీధి మలుపు తిరిగిందంటే చాలు, "తూకాలమ్మ వస్తోందిరోయ్" అని ఒక దుకాణం నుంచి మరో దుకాణానికి కబురు పాకేది. త్రాసు పళ్ళేల అడుగున అంటించిన మైనం ముద్దలు గబగబా ఊడేవి. తక్కువ తూచినవాణ్ణి ఎంత నిలదీసేదో, తన సంచిలో నాలుగు గింజలు ఎక్కువ పోసి మంచి చేసుకోబోయినవాణ్ణీ అంతగానే నిలదీసేది. "కొసరు కూడా దొంగతూకమే" అనేది. మిఠాయి దుకాణం ముందు కొసరు కోసం మారాం చేసే పిల్లలను తల్లులు ఆమె పేరు చెప్పి ఊరుకోబెట్టేవారు.

ఈ పట్టుదల ఆమెకు తండ్రి నుంచి వచ్చింది. ఆయన మట్టిపని మేస్త్రి. రోడ్లకూ కట్టలకూ ఎక్కడ మట్టి తవ్వించినా, గొయ్యి నడుమ ఒక దిబ్బను తాకకుండా వదిలేయించేవాడు. దాన్ని మట్టం దిబ్బ అనేవారు. దాని తల పాత నేల; దాని పాదం తవ్విన లోతు. ఎంత మట్టి పోయిందో చెప్పే సాక్షి అదే. అరువుకు తీసుకున్న మట్టి అయితే దానికి మరో కట్టుబాటు ఉండేది. మట్టి తిరిగి పోసి, దిబ్బ తలతో సమానం చేసేదాకా ఎవరూ ఆ దిబ్బను ముట్టుకోకూడదు. సమానమైన రోజున భూమి సొంతదారు పార తీసుకుని దిబ్బ తల మీద ఒక్క పోటు పొడవాలి. దానితో బాకీ చెల్లినట్టు. "దిబ్బ నిలబడి ఉన్నంతకాలం అప్పు నిలబడి ఉన్నట్టే" అని తండ్రి ఇద్దరు పిల్లలకూ చెప్పి పెంచాడు. కూతురు ఆ మాటను నెత్తిన పెట్టుకుంది. కొడుకు మట్టిపని నేర్చుకున్నాడు.

తమ్ముడికి వచ్చిన మొదటి పెద్ద కంట్రాక్టు ఆ చిత్తడి నేలను పూడ్చడం. ఊరి నడుమ రెల్లు, తుంగ మొలిచి, పడిన వానంతా ఇంకుతూ, ఎవరికీ ఏ పన్నూ కట్టకుండా పడి ఉన్న నేల అది. పనికిరాని చోటు అని నలుగురూ అన్నారు. కొంగలను ఎవరూ అడగలేదు. పని సగంలో తమ్ముడికి మట్టి చాలలేదు. అక్క దగ్గరకు వచ్చి, మెట్ట అవతలి వార నుంచి ఒక అంచు మాత్రం ఇమ్మని, బిల్లు రాగానే ఏటవతలి నుంచి తెచ్చి పోస్తానని బతిమాలాడు. అక్క ఒప్పుకుని, తుమ్మచెట్టు దాకా హద్దు చూపించి, తనిఖీల కోసం క్యాంపు వెళ్ళింది. తిరిగి వచ్చి వంటింటి వెనుక తలుపు తీస్తే గడప అవతల నేల లేదు. మెట్ట లేదు. తుమ్మచెట్టు లేదు. పెద్ద గొయ్యి; దాని నడుమ, తలపై గడ్డితో ఒంటరిగా నిలబడ్డ మట్టం దిబ్బ.

"ఒరేయ్, అంచు అన్నావు."

"అంచే అక్కా. అంచు పట్టుకుని పోతుంటే... అలా అలా ఇక్కడిదాకా వచ్చేసింది."

"నా గుమ్మం కూడా అంచేనా?"

తమ్ముడు నవ్వాడు. ఆ నవ్వును ఆమె క్షమించలేదు.

బిల్లు వచ్చింది, మట్టి రాలేదు. ఏరు దాటాక తెప్ప సంగతి ఎవరికి గుర్తుంటుంది? ఆ తరువాత కోర్టు. భూమిని దిబ్బ తల దాకా తిరిగి పూడ్చి ఇవ్వవలసిందని తీర్పు వచ్చేసరికి అక్క జుట్టు సగం నెరిసింది. తమ్ముడు మట్టి దొరకడం లేదన్నాడు, పై కోర్టు అన్నాడు, నడుము నొప్పి అన్నాడు. ఆమె తీర్పు మురిగిపోకుండా అర్జీ మీద అర్జీ పెట్టి దాన్ని బతికించుకుంటూ వచ్చింది. బంధువుల పెళ్ళిళ్ళలో ఎదురైతే పలకరింపుగా ఒకటే మాట: "నా మట్టి?" పెళ్ళికొడుకు తరఫువాళ్ళు అదేదో ఆ ఇంటి ఆచారమనుకునేవారు.

ఈలోగా గొయ్యి తన పని తాను చూసుకుంది.

మొదటి వానలకు అడుగున నీరు నిలిచింది. దోమలు లేచాయి. అక్క కిరసనాయిలు పోసింది, తిట్టింది. రెండో ఏడు కప్పలు వచ్చి దోమలను తిన్నాయి. కప్పల వెంట పాము, పాము వెంట ముంగిస. ఏ పక్షి కాళ్ళకు అంటుకుని వచ్చాయో, తుంగ గడ్డలు గట్టున వేళ్ళూనాయి, రెల్లు పూసింది. ఒక ఉదయం నీళ్ళలో చేపలు తిరుగుతూ కనిపిస్తే, ఎవరు వేశారని ఇల్లిల్లూ వాకబు చేసింది. ఎవరూ వేయలేదు. తరువాత నీటికాకి, లకుముకి పిట్ట, మట్టం దిబ్బ పాదం దగ్గర గూడు కట్టిన నీటికోడి. ఊరి నడుమ నుంచి వెళ్ళగొట్టబడిన చిత్తడి, చప్పుడు చేయకుండా ఆమె పెరట్లోకి కాపురం మార్చుకుంది.

ఉద్యోగ విరమణ తరువాత ఆమె రోజు వంటింటి గడప మీద మొదలై అక్కడే ముగిసేది. కాఫీ గ్లాసు చేత పట్టుకుని, నీటికోడి పిల్లలను లెక్కపెట్టి, ఒకటి తగ్గితే ముంగిసను నిలదీసేది. జీవితమంతా మనుషుల మోసాలను తూచిన మనిషికి, ఏ తూకమూ అడగని చోటు అదొక్కటే దొరికింది. మట్టి కావాలనే కోరిక ఎప్పుడు పోయిందో ఆమెకే తెలియదు. పోయిందని ఎవరికీ చెప్పలేదు. అర్జీలు మానలేదు. పెళ్ళిళ్ళలో "నా మట్టి?" మానలేదు. రావలసిన బాకీని వదిలేయడం ఆమె చదువుకోని విద్య.

పక్కింట్లో ఉండే విశ్రాంత బస్సు డ్రైవరు ఒక్కడికే కొంత అనుమానం. సాయంత్రాలు గోడ మీదుగా గాలం వేస్తూ అనేవాడు: "అక్కగారూ, అందరికీ ముందు నుయ్యి, వెనక గొయ్యి అంటే కష్టం. మీకు మాత్రం వెనక గొయ్యే సుఖం."

"చేప పడితే చిన్నది వదిలెయ్యి" అనేది అక్క, మాట తప్పిస్తూ.

ఇలా ఉండగా, పాతబడిన బజారును కూలగొట్టి కొత్త బజారు కట్టాలని, దాని కింద నేలలోకి కార్లు నిలుపుకునే అంతస్తులు తవ్వాలని పురపాలకులు నిర్ణయించారు. తవ్వకం పని తమ్ముడి కొడుక్కు దక్కింది. తండ్రి మంచం పట్టడంతో లారీలన్నీ ఇప్పుడు అతనే నడుపుతున్నాడు. ఒకనాడు పొద్దున్నే, అతను టేపు, కొలత గుర్తుకు పాతే మేకులు పట్టుకుని అత్త గుమ్మం ముందు నిలబడ్డాడు.

"అత్తా, శుభవార్త. నీ మట్టి దొరికింది."

"ఏ మట్టి?"

"నీ మట్టే. బజారు గచ్చు పగలగొడితే కింద ఎర్రగా, నిన్న పోసినట్టుంది. ఫోన్లో ఫొటో చూపిస్తే నాన్న మంచం మీద లేచి కూర్చున్నాడు. ఒక్క తట్ట కూడా బయట పొయ్యొద్దు, అంతా అక్క గోతికే అన్నాడు. సోమవారం నుంచి లారీలు వస్తాయి."

అక్క గుమ్మం పట్టుకుంది. "నిన్నెవరు అడిగారు?"

మేనల్లుడు తెల్లబోయాడు. "నువ్వే కదా అత్తా! నేను పుట్టినప్పటి నుంచీ అడుగుతూనే ఉన్నావు. నాకు అన్నప్రాశన నాడు నేర్పిన మొదటి మాట కూడా అదేనంటుంది అమ్మ."

"ఇప్పుడు వద్దు."

"వద్దా?" అతను నవ్వబోయి, ఆమె ముఖం చూసి ఆగిపోయాడు. గొంతు తగ్గించాడు. "అత్తా, డాక్టర్లు నాన్నని ఇంటికి తీసుకుపొమ్మన్నది నీకూ తెలుసు. ఆయనకి మిగిలిన పని ఇదొక్కటే. పైగా ఇది ఇప్పుడు మా చేతిలోనూ లేదు. తీర్పు కాయితం చూసి మున్సిపల్ ఇంజనీరు నీ గోతినే మట్టి పోసే చోటుగా రాసేశాడు. ఏమన్నా ఉంటే ఆయనతో మాట్లాడు."

అతను మేకులు పాతలేదు. వాటిని గుమ్మం పక్కన పెట్టి వెళ్ళాడు.

ఇంజనీరు మర్యాదస్థుడు. కుర్చీ చూపించాడు, మంచినీళ్ళు తెప్పించాడు, అద్దాలు తుడుచుకుని ఆమె చెప్పినదంతా విన్నాడు. ఆ తరువాత ఊరి మ్యాపు పరిచి వేలు పెట్టాడు. ఆమె ఇంటి వెనుక ఎర్ర గీతలతో ఒక చదరం. దానిలో "తవ్విన గొయ్యి, పూడ్చవలసినది" అని ఉంది.

"ఇక్కడ నీళ్ళున్నాయి" అంది అక్క. "రెల్లు ఉంది. పక్షులున్నాయి."

"ఉండే ఉంటాయమ్మా. మ్యాపులో లేవు."

"మ్యాపు తప్పు."

"మ్యాపు మీ అర్జీల్లో ఉన్నట్టే గీశాం. ప్రతి అర్జీలోనూ మీరే రాశారు కదా, 'నా పెరట్లోని ప్రమాదకరమైన గొయ్యి' అని." అతని మాటలో ఎత్తిపొడుపు లేదు, అదే ఆమెకు ఎక్కువ తగిలింది. "తీర్పు మీది, అర్జీ మీది, మట్టి మీది. ఇన్నేళ్ళకు ఒక మనిషికి న్యాయం చేసే పని మా టేబుల్ మీదకు వచ్చిందని మేమందరం సంతోషించాం. నిజం చెబుతున్నాను."

"నేను వద్దంటే?"

"తీర్పు ఇద్దరి మధ్యది, మీరొక్కరే వద్దంటే చెల్లదు. కోర్టుకే వెళ్ళాలి. అది తేలేలోపు గొయ్యి పూడిపోతుంది. మీరూ మీ తమ్ముడూ కలిసి రాజీపత్రం మీద సంతకం పెడితే మాత్రం ఇవాళే ఆపుతాను. మట్టి పోయకుండానే బాకీ చెల్లిందని ఆయన కూడా ఒప్పుకోవాలి."

గుమాస్తా రాజీపత్రం నమూనా తెచ్చి ఇచ్చాడు. అక్క దాన్ని నాలుగు మడతలు పెట్టి చేతిసంచిలో వేసుకుంది.

పురపాలక కార్యాలయం ఎదురుగానే బజారు. ఇప్పుడు అది బజారు కాదు. రేకుల కంచె సందులోంచి ఆమె చూసింది. తాను తనిఖీలు చేసిన దుకాణాలన్నీ ఇటుక ముక్కలై ఒక మూలకు చేరాయి. గచ్చు కింద ఎర్రమట్టి నిజంగానే నిన్న పోసినట్టుంది. ఇన్నేళ్ళు ఊరంతా దాని మీద బేరాలాడింది, పోట్లాడుకుంది, తక్కువ తూచింది. దాని రంగు మారలేదు. దాని కింద, లోతుగా తవ్విన చోట, నల్లటి బురద బయటపడింది. ఆ బురదలోకి నాలుగు పక్కల నుంచీ నీళ్ళు ఊరుతున్నాయి. పాత చిత్తడి తన చోటుకు తాను తిరిగి రావాలని చూస్తోంది. రెండు మోటార్లు పగలనక రాత్రనక ఆ నీటిని తోడి కాలువలో పోస్తున్నాయి. బురద అంచున ఒక కొంగ నిలబడి ఉంది. జేసీబీ దగ్గరకు వస్తే ఎగిరి, వెళ్ళగానే మళ్ళీ అక్కడే వాలుతోంది.

అక్క అక్కడి నుంచి తమ్ముడి ఇంటికి నడిచింది. ఆ ఇంటి గడప తొక్కి ఎంతకాలమైందో తలుచుకోవడానికి ఆమెకు ఇష్టం లేకపోయింది.

మరదలు తలుపు తీసి చేయి పట్టుకుంది. "రా వదినా. పొద్దున్నించీ నీ మాటే. ఇవాళ రెండు ముద్దలు ఎక్కువ తిన్నారు."

గదిలో మందుల వాసన. కిటికీ పక్కన మంచం. తవ్వకాల్లో ఎండకు కాలి రాయిలా ఉండే మనిషి, దుప్పటి కింద ఉన్నాడా లేడా అన్నట్టున్నాడు. కళ్ళు మాత్రం వెలుగుతున్నాయి. కిటికీ గట్టు మీద ఒక సీసా మూతలో చిటికెడు ఎర్రమట్టి పెట్టుకున్నాడు.

"చూశావా అక్కా?"

"చూశాను."

"రంగు పోలేదు."

"పోలేదు."

"మావాడు మొదటి బండ దొర్లించి మట్టి కనపడిందని చెప్పిన రోజు, తెల్లారేదాకా ఒళ్ళు తెలీకుండా పడుకున్నాను. ఎన్నేళ్ళకో. అడుగు నీ మరదల్ని."

గుమ్మంలో నిలబడ్డ మరదలు తల ఊపి, కొంగు నోటికి అడ్డం పెట్టుకుని లోపలికి వెళ్ళిపోయింది.

అక్క చేతిసంచి ఒళ్ళో పెట్టుకుంది. సంచి పిడిని రెండు చేతులా పట్టుకుంది. "ఒరేయ్, ఒక మాట చెప్తాను, అడ్డు రాకుండా విను. ఆ గొయ్యి అలాగే ఉండనీ."

తమ్ముడు కిటికీ గట్టు మీది మట్టి వైపు తల తిప్పాడు. "ఇంకా కోపమేనా?"

"కోపం కాదురా."

"కోపం కాకపోతే మరేమిటి? చచ్చేవాడి చేతి మట్టి కూడా ముట్టననా?"

"పిచ్చి మాటలు మాట్లాడకు. అందులో నీళ్ళు చేరాయి. చేపలున్నాయి, పక్షులు పిల్లల్ని పెట్టాయి. నాకు... నాకు అది అలవాటైంది."

తమ్ముడు నవ్వాడు. ఆనాటి నవ్వు కాదు ఇది. "కాలు విరగ్గొట్టినవాడు కర్ర చేతికిస్తే, కొన్నాళ్ళకి కర్రే అలవాటవుతుంది అక్కా. అంతమాత్రాన కాలు విరగ్గొట్టింది మంచిపనైపోతుందా? నా అవతారం చూసి జాలిపడి అంటున్నావు ఈ మాట. నాకు తెలుసు."

"జాలి కాదు."

"నువ్వు ఎప్పుడన్నా ఎవరికన్నా కొసరు వదిలావా? మిఠాయి కొట్టు ముసలాడు ఏడ్చినా వదల్లేదే. మరి నాకెందుకు వదుల్తావు? తమ్ముణ్ణనా?" అతనికి ఆయాసం వచ్చింది. ఆమె లేవబోతే చేత్తో వారించాడు. "నాన్న ఉంటే ఏమనేవాడు? దిబ్బ నిలబడి ఉన్నంతకాలం... నేను పోయాక కూడా అది నీ పెరట్లో నిలబడి ఉంటే, ఎవరి పేరున నిలబడుతుంది? నన్ను అందరిలాగే తూచక్కా. ఒక్కసారి సరిగా తూచి, సరిపోయిందను. అంతే నాకు కావలసింది."

చేతిసంచిలో రాజీపత్రం ఉంది. తీసి ఇస్తే, బహుశా, సంతకం పెట్టేవాడు. చిన్నప్పటి నుంచీ ఆమె గట్టిగా చెబితే కాదన్నది లేదు, ఆ మెట్ట విషయంలో తప్ప. సంతకం పెట్టి, ముఖం గోడవైపు తిప్పుకుని, మిగిలిన రోజులు అలాగే పడుకునేవాడు. అది ఆమెకు స్పష్టంగా కనిపించింది. మింగడానికీ లేదు, కక్కడానికీ లేదు.

సంచి తెరవలేదు. గ్లాసులో నీళ్ళు పోసి అతని నోటికి అందించింది.

"సోమవారమా?" అంది.

"సోమవారమే" అన్నాడు తమ్ముడు, చిన్నపిల్లవాడిలా.

లారీలు సోమవారం వచ్చాయి. మొదటి లారీ పెరటి గోడ పగలగొట్టిన చోట వెనక్కి తిరిగి తొట్టి ఎత్తినప్పుడు, ఎర్రమట్టి నీళ్ళలో పడిన చప్పుడు విని అక్క వంటింట్లో పొయ్యి ఆర్పేసింది. తలుపు మూయలేదు. తాను అడిగి తెప్పించుకున్నదాన్ని చూడకుండా ముఖం చాటు చేసుకోవడం ఆమె స్వభావం కాదు.

పక్కింటి డ్రైవరు ముందే బకెట్లు, డ్రమ్ములు తెచ్చి సిద్ధం చేసుకున్నాడు. ఏటి దాకా తీసుకుపోయి వదులుతానని, దొరికినన్ని చేపలను వలతో ఎత్తాడు. ఎన్ని దొరుకుతాయి? మట్టి ఒక పక్క నుంచి వస్తుంటే నీరు మరో పక్కకు ఒదిగింది. ఒదిగి ఒదిగి చిక్కబడింది. చివరికి కాలువలోకి పొర్లి వీధిన పడింది. కప్పలు వంటింటి మెట్లెక్కి, గడప దగ్గర కూర్చుని, ఆమెనే చూస్తున్నట్టు గొంతులు ఆడించాయి. వాటిని చీపురుతో తోయడానికి ఆమెకు చేతులు రాలేదు. ఎక్కడికని తోయాలి?

"ఆపమంటారా అక్కగారూ?" అన్నాడు డ్రైవరు, మోకాళ్ళ దాకా బురదతో. "లారీకి అడ్డం పడుకుంటాను. ముసలాణ్ణి, తొక్కించరులెండి."

"అడుసు తొక్కనేల, కాలు కడగనేల అని నన్ను ఎవరైనా అప్పుడు అడగాల్సింది" అంది అక్క. "ఇప్పుడు నువ్వు అడ్డం పడుకుంటే నీ నడుం పట్టేస్తుంది. లే, వెళ్ళి కాళ్ళు కడుక్కో."

నీటికోడి చివరిదాకా మట్టం దిబ్బ పాదాన్ని వదల్లేదు. మట్టి గూటికి తగిలిన రోజు, పిల్లలను వెంటేసుకుని, కొత్తగా పోసిన ఎర్రనేల మీద గునగునా నడిచి, పగిలిన గోడ సందులోంచి వీధిలోకి వచ్చింది. మేనల్లుడు చేయెత్తి లారీని ఆపించాడు. వెనుక మరో రెండు లారీలు ఆగి హారన్లు మోగించాయి. నీటికోడి వీధి దాటింది. ఎదుటి వరస ఇళ్ళ మధ్య నుంచి ఎటు వెళ్ళిందో ఎవరూ చూడలేదు. ఆ వైపున నీరున్న చోటు ఏదీ లేదని మాత్రం అందరికీ తెలుసు. మేనల్లుడు అత్త వైపు ఒకసారి చూశాడు. ఆనాడే అతనికి సంగతి అర్థమైనట్టుంది. కానీ తొట్టి అప్పటికే పైకి లేస్తోంది. ఇంట్లో తండ్రి, ఎన్ని లారీలు పడ్డాయో చెప్పే ఫోను కోసం ఎదురుచూస్తున్నాడు.

మట్టి నిండింది. రోలరు వచ్చి తొక్కింది. కుంగిన చోట మళ్ళీ పోశారు, మళ్ళీ తొక్కారు. పనిలో లోపం వెతకడానికి అక్క ప్రయత్నించలేదని చెప్పలేం. ప్రతి మూలా తిరిగి చూసింది. లోపం దొరకలేదు. తమ్ముడు తన జీవితంలో ఇంత నికార్సైన పని మరొకటి చేయించి ఉండడు.

చివరి రోజు సాయంత్రం అతన్ని కారులో తీసుకువచ్చారు. కొడుకూ పక్కింటి డ్రైవరూ చెరో పక్క పట్టుకుని కుర్చీలో కూర్చోబెట్టారు. మెట్ట మళ్ళీ మెట్టలా, ఎర్రగా, చదునుగా, ఏ ప్రాణమూ లేకుండా పరుచుకుని ఉంది. నడుమ ఒక్క చోట, పళ్ళెమంత మేర, పచ్చగా గడ్డి. అది మట్టం దిబ్బ తల. ఇన్నేళ్ళుగా అందరికీ దూరంగా పైన నిలబడ్డ గడ్డి, ఇప్పుడు కాలి కిందికి వచ్చింది.

"సరిచూడు అక్కా" అన్నాడు తమ్ముడు.

అక్క ఇంట్లోకి వెళ్ళి తండ్రి వాడిన రసమట్టం తెచ్చింది. కర్రలో బిగించిన చిన్న గాజుగొట్టం, దానిలో ఒక నీటిబుడగ. ఒక సాపు పలకను గడ్డి మీద నుంచి కొత్త మట్టి మీదికి వేసి, మోకాళ్ళ మీద కూర్చుని, దానిపై రసమట్టం పెట్టింది. బుడగ ఊగింది. అటు జరిగింది, ఇటు జరిగింది, నడుమ నిలిచింది. పలకను తిప్పి మరో వైపు వేసింది. నడుమనే నిలిచింది. నాలుగు దిక్కులా చూసింది. చూస్తున్నంతసేపూ బుడగ నడుమనే నిలవాలని అందరూ కోరుకున్నారు. ఆమె ఒక్కతే, ఎక్కడైనా ఒక వెంట్రుకవాసి తేడా రాకపోతుందా అని ఎదురుచూసింది. వచ్చి ఉంటే మాత్రం ఏం చేసేది? మరో తట్ట పోసేవారు.

కోరినది కోరిన కొలతకు దొరికాక ఇక ఫిర్యాదు ఎవరి మీద?

"తక్కువుందా?" అన్నాడు తమ్ముడు.

"లేదు."

"ఎక్కువుందా? కొసరు నీకు నచ్చదు."

"ఎక్కువా లేదు." ఆమె లేచి, మోకాళ్ళకంటిన ఎర్రమట్టిని దులుపుకోలేదు. "సరిపోయిందిరా."

తమ్ముడు కళ్ళు మూసుకున్నాడు. చెంపల మీదుగా నీళ్ళు కారుతుంటే తుడుచుకోవడానికి చేయి ఎత్తలేకపోయాడు. కొడుకు తుడిచాడు.

"పార" అంది అక్క.

మేనల్లుడు పార తెచ్చి ఇచ్చి, దూరంగా జరిగి, తల దించుకున్నాడు. అక్క గడ్డి దగ్గర నిలబడింది. మెట్టలో తవ్వకుండా మిగిలినదీ, మడుగులో మునగకుండా మిగిలినదీ ఆ పిడికెడు పచ్చదనమే. తండ్రి చెప్పినట్టుగా పారను రెండు చేతులా ఎత్తి, దాని తల మీద ఒక్క పోటు పొడిచింది. గడ్డి పెళ్ళ వేళ్ళతో సహా లేచి పక్కకు పడింది.

బాకీ పూర్తిగా తీరింది.